జపాన్‌లో ఒక్క రోజు కత్తి తయారీ శిక్షణ: మొదటిసారి సుత్తి పట్టేవారు సాకాయ్‌కి వెళ్లాలా, ఎచిజెన్‌కి వెళ్లాలా?

ప్రశ్న (కావలి నుంచి)

అందరికీ నమస్కారం. వచ్చే ఏప్రిల్‌లో నేనూ నా భార్యా పది రోజుల పాటు జపాన్‌లో ఉండబోతున్నాం. మా అమ్మాయి ఒసాకాలో ఉద్యోగం చేస్తోంది కనుక బస అక్కడే. చూడవలసిన గుళ్లు, తోటలు అన్నీ ఇంట్లోవాళ్లు ముందే వరుస కట్టి పెట్టుకున్నారు. అందులో ఒక్క రోజు మాత్రం నాకు కావాలని అడిగి తీసుకున్నాను. ఆ రోజు ఏదైనా కత్తుల పనిశాలకు వెళ్లి, కొత్తవారికి నేర్పే శిక్షణలో చేరి, నా చేతులతో ఒక వంటింటి కత్తి చేయాలని నా కోరిక.

కారణం కూడా చెబితే మీరు సలహా ఇవ్వడం సులువవుతుంది. మా తాత కమ్మరి. కావలికి పడమట ఉన్న మా పల్లెలో వేపచెట్టు కింద ఆయన కొలిమి ఉండేది. వేసవి సెలవుల్లో నేను తిత్తి లాగేవాడిని. కోతలు దగ్గర పడితే కొడవళ్లకు కక్కు పెట్టించుకోవడానికి రైతులు చెట్టు నీడన వరుసగా కూర్చునేవారు. సుత్తి ఇమ్మని అడిగినప్పుడల్లా "చేతికి బలం రానీరా" అనేవారు తాత. బలం వచ్చేనాటికి ఆయన లేరు. నాన్న బడిపంతులు అయ్యారు, నేను బ్యాంకులో చేరాను, కొలిమి తాతతోనే చల్లారిపోయింది. ఇప్పుడు నాకు 57 ఏళ్లు.

అందుచేత నేను తెలుసుకోవాలనుకుంటున్నది ఇది. ఒక్క రోజు శిక్షణలో కొత్తవాడికి నిజంగా నిప్పు దగ్గర నిలబడి ఇనుము కొట్టే అవకాశం ఇస్తారా, లేక తయారైన అలుగుకు (కత్తి రేకుకు) పిడి తొడిగించి, ఫొటో తీసి పంపిస్తారా? అలా చేసిన కత్తి మన వంటింట్లో నిలుస్తుందా? దాన్ని విమానంలో ఇంటికి తెచ్చుకోవడానికి ఇబ్బందులేమైనా ఉంటాయా? నాకు జపనీసు ఒక్క ముక్క రాదు. అమ్మాయికి ఆ రోజు సెలవు దొరకకపోతే నేనొక్కడినే వెళ్లాలి. అనుభవం ఉన్నవారు దయచేసి వివరంగా చెప్పండి.

సమాధానం (నెల్లూరు నుంచి)

నమస్కారం అండీ. నేను 2024 నవంబరులో ఉద్యోగం పని మీద నగోయా వెళ్లినప్పుడు రెండు రోజులు సెలవు కలుపుకుని, ఎచిజెన్‌లో ఒక పనిశాలలో పూర్తి రోజు శిక్షణ తీసుకున్నాను. మీ ప్రశ్న చదివాక క్లుప్తంగా జవాబు చెప్పి ఊరుకోవాలనిపించలేదు.

ముందుగా ఊళ్ల సంగతి. సాకాయ్ ఒసాకాకు ఆనుకునే ఉంది. నాంబా స్టేషనులో నంకాయ్ రైలెక్కితే పావుగంటలో దిగవచ్చు. 16వ శతాబ్దంలో పోర్చుగీసువారి రాకతో పొగాకు జపాన్‌కు చేరింది. ఆ ఆకును సన్నగా తరగడానికి కావలసిన కత్తులు చేయడంలో సాకాయ్ కమ్మరులు ఎంత పేరు తెచ్చుకున్నారంటే, ఆనాటి ప్రభుత్వం వారి కత్తులకు "సాకాయ్ కివామె" అనే ప్రత్యేక ముద్రను అనుమతించింది. పొగాకు ఆరబెట్టే బ్యారన్ల మధ్య పెరిగిన కందుకూరు, ఒంగోలు ప్రాంతాలవారికి ఈ సంగతి దగ్గరగా అనిపిస్తుందని చెబుతున్నాను. అయితే సాకాయ్‌లో పని విడివిడిగా జరుగుతుంది. సాగగొట్టే కమ్మరి ఒక ఇంట్లో ఉంటాడు, సానపట్టేవాడు మరొక ఇంట్లో ఉంటాడు, పిడి తొడిగేది ఇంకొకరు. ఈ పద్ధతి అక్కడ తరతరాలుగా నడుస్తోంది. అందువల్ల అక్కడ యాత్రికులకు దొరికే శిక్షణ ఎక్కువగా పిడి తొడగడం, సానపట్టడం చుట్టూనే ఉంటుంది. అది మోసమేమీ కాదు, ఆ ఊరి పని తీరే అది. కానీ మీరు వెతుకుతున్నది నిప్పును కనుక మీకు అక్కడ వెలితిగా అనిపించవచ్చు.

ఎచిజెన్ ఫుకుయి రాష్ట్రంలో ఉంది. 1337లో చియోజురు కునియాసు అనే ఖడ్గ శిల్పి క్యోటో నుంచి వచ్చి అక్కడ స్థిరపడి, తన పని చేసుకుంటూనే చుట్టుపక్కల రైతులకు కొడవళ్లు కూడా చేసి ఇచ్చాడని అక్కడివారు చెప్పుకుంటారు. మీ తాతగారి గురించి చదువుతున్నప్పుడు నాకు మొదట గుర్తొచ్చింది ఆ కథే. 1979లో ఎచిజెన్ సాగగొట్టు కత్తులను జపాన్ ప్రభుత్వం సంప్రదాయ హస్తకళగా గుర్తించింది. స్థానిక కమ్మరులు కలిసి ఒకే కప్పు కింద పని చేసుకునే తకెఫు కత్తుల గ్రామం అక్కడే ఉంది, కొత్తవారికి శిక్షణ కూడా ఉంటుంది. ఒసాకా నుంచి థండర్‌బర్డ్ రైలులో త్సురుగా వరకు వెళ్లి, అక్కడ షింకన్‌సెన్‌కు (బుల్లెట్ రైలుకు) మారితే ఎచిజెన్-తకెఫు స్టేషను వస్తుంది. 2024 మార్చి 16న ఆ మార్గం తెరిచారు. పొద్దున్నే బయలుదేరితే రాత్రికి ఒసాకా తిరిగి రావచ్చు గాని, పనిశాలలు ఉదయమే మొదలుపెడతాయి కాబట్టి ముందురోజు రాత్రి అక్కడే బస చేయడం మంచిదని నా అభిప్రాయం. ఒకవేళ మీ ప్రయాణంలో టోక్యో కూడా ఉంటే, నీగతా రాష్ట్రంలోని సాంజోలో పెద్ద మేకును కాల్చి కాగితాలు కోసే చిన్న కత్తిగా సాగగొట్టడం నేర్పే శిక్షణాలయం ఉంది. ఒక పూట కూడా పట్టని పనే అయినా సుత్తి మాత్రం మీ చేతిలోనే ఉంటుంది.

ఇక మీ అసలు ప్రశ్న. డబ్బు కట్టే ముందు ఒకే ఒక్క మాట రాసి అడగండి: "నేను చేరే శిక్షణలో అలుగును కాల్చి కొట్టేది నేనా, మీరా?" ఎందుకంటే ఒకే పేరుతో మూడు రకాల శిక్షణలు నడుస్తాయి. ఒక దానిలో తయారైన అలుగుకు సానపట్టి పిడి తొడుగుతారు. రెండవ దానిలో పలక నుంచి కత్తి ఆకారం కోసి, అరగదీసి వాదర (పదునైన అంచు) తీస్తారు. మూడవ దానిలో మాత్రమే కొలిమి ఉంటుంది. మూడు రకాలవారూ "కత్తి తయారీ" అనే రాస్తారు, మూడూ నిజమే.

నా రోజు ఇలా గడిచింది. పొద్దున మాకు ఇచ్చినది మెత్తని ఇనుము మధ్య గట్టి ఉక్కు ముందే అతికి ఉన్న పట్టీ. ఇనుమునూ ఉక్కునూ కొలిమిలో అతకడం కొత్తవాడికి ఒక్క పూటలో పట్టుబడే పని కాదు కనుక ఆ భాగాన్ని కర్మాగారమే చేసి పంపుతుంది. పట్టీని పట్టకారుతో పట్టుకుని నిప్పులో పెట్టి, నారింజ రంగు వచ్చాక తీసి, దాగలి (కమ్మరి ఇనుప దిమ్మ) మీద కొట్టాలి. మొదటి పది దెబ్బల్లోనే నాకు తెలిసి వచ్చినది ఏమిటంటే, ఇనుము మనకోసం ఆగదు. నిప్పులోంచి తీసిన తరువాత దెబ్బలు వేయడానికి దొరికేది కొద్ది క్షణాలే. ఆలోచిస్తూ నిలబడితే ఎరుపు నల్లబడిపోతుంది, ఆ తరువాత కొడితే సుత్తి ఎగిరి మోచేతికి తగులుతున్నట్టు ఉంటుంది. రెండో విడతలో ఆత్రపడి పట్టీని నిప్పులో ఎక్కువసేపు వదిలేశాను. తీసి చూస్తే కాకరపువ్వొత్తిలాగా తెల్లని రవ్వలు రాలుతున్నాయి, ఉక్కు కాలిపోయింది. నేర్పే పెద్దాయన ఒక్క మాట అనకుండా ఆ కొసను తెగ్గొట్టి పక్కన పెట్టి, మిగిలిన దానితోనే కొనసాగించమన్నారు. అందుకే నా కత్తి అనుకున్నదానికంటే రెండు వేళ్లు పొట్టిగా వచ్చింది.

తోక (పిడిలోకి దిగే భాగం) సాగదీయడం, వెన్ను నిలబెట్టడం చేతి సుత్తితోనే చేశాం. అలుగును పలుచగా సాగదీసేది మాత్రం యంత్రపు సుత్తి. దాని కింద పట్టీని జరపడం నేర్పారు, ఆయన చేయి ఎప్పుడూ నా చేతి పక్కనే ఉంది. ఎచిజెన్ కమ్మరుల పద్ధతి ఒకటి అప్పుడే చూశాను: రెండు అలుగులను ఒకదాని మీద ఒకటి పేర్చి యంత్రపు సుత్తి కింద ఒకేసారి సాగదీస్తారు. జతగా ఉంటే వేడి త్వరగా తగ్గదు, రెండూ సమంగా పలచబడతాయి. నీళ్లలో ముంచి గట్టిపరచడం ఆయనే చేశారు. అది నా చేతికి ఇవ్వలేదని అప్పుడు కొంచెం చిన్నబుచ్చుకున్నాను గాని, దాని సంగతి తెలిశాక ఇవ్వకపోవడమే న్యాయమనిపించింది. మధ్యాహ్నం నుంచి నాలుగు గంటల దాకా నీళ్లతో తడిసే సానచక్రం మీద అరగదీయడం, తరువాత సానరాళ్ల మీద పదును పెట్టడం.

భాష గురించి చింత పెట్టుకోకండి. ఈ పనిలో "చూడు, చెయ్యి, ఆగు" అనే మూడు మాటలు చేతి సైగలతోనే అర్థమవుతాయి. నూలు బట్టలు, పొడుగు చేతుల చొక్కా, వేళ్లు మూసే బూట్లు వేసుకుని వెళ్లండి. నిప్పురవ్వ పడితే పాలిస్టరు కరిగి ఒంటికి అతుక్కుంటుంది.

సమాధానం (ఒంగోలు నుంచి, పాలిటెక్నిక్‌లో లోహశాస్త్రం చెప్పి విశ్రాంతి తీసుకుంటున్న ఉపాధ్యాయుడిని)

పై మిత్రుడు చెప్పినదానికి కొంత కలుపుతాను. నీళ్లలో ముంచే ఆ క్షణాన్ని గురువు తన చేతిలో ఎందుకు ఉంచుకుంటాడో తెలిసి వెళ్తే, కావలి మిత్రులు ఆ రోజు మరింత చూడగలుగుతారు.

జపాన్‌లో చేతిపని కత్తులకు ఎక్కువగా వాడే ఉక్కు షిమానె రాష్ట్రంలోని యాసుగి నుంచి వస్తుంది. తెల్ల కాగితపు ఉక్కు, నీలి కాగితపు ఉక్కు అని పేర్లు. కర్మాగారంలో ఏ రంగు కాగితం చుట్టి ఇస్తారో దాన్ని బట్టి వచ్చిన పేర్లే తప్ప ఉక్కు రంగుతో వాటికి సంబంధం లేదు. తెల్ల ఉక్కులో రెండో రకానికి కర్బనం 1.1 శాతం చుట్టూ ఉంటుంది. నీలి ఉక్కులో దానికి తోడు క్రోమియం, టంగ్‌స్టన్ కలుపుతారు. మన పల్లెల్లో కమ్మరులు కొడవళ్లకూ కత్తులకూ వాడేది చాలావరకు లారీ కమాను పట్టీ. అందులో కర్బనం సుమారు సగమే ఉంటుంది. కమాను పట్టీతో చేసిన కత్తి ముళ్లకంప నరికినా విరగదు, వంగినా కొట్టి సరిచేయవచ్చు, కానీ వాదర త్వరగా మొద్దుబారుతుంది. తెల్ల ఉక్కు వాదర చాలాకాలం సన్నగా నిలుస్తుంది, కానీ ఎముక తగిలితే పెచ్చు లేస్తుంది. ఒక పనికి ఒకటి, మరో పనికి మరొకటి. ఇది గొప్పది, అది తక్కువది అని ఎవరైనా చెబితే నమ్మకండి.

ఇక ముంచే క్షణం. ఉక్కును సుమారు 780 నుంచి 800 డిగ్రీల సెల్సియస్ దాకా కాల్చి ఒక్కసారిగా చల్లార్చితే లోపలి కర్బనం కదలడానికి వ్యవధి లేక ఉన్నచోటనే ఇరుక్కుపోతుంది. అలా ఇరుక్కోవడమే గట్టిదనం. వేడి తక్కువైతే ఉక్కు మెత్తగానే మిగులుతుంది. ఎక్కువైతే లోపలి రేణువులు ముతకబడి పెళుసవుతుంది. కొలిమిలో ఉష్ణమాపకం లేని కాలంలో కమ్మరి ఈ తేడాను రంగుతోనే గుర్తుపట్టేవాడు. పనిశాలలో గట్టిపరచేటప్పుడు కిటికీలు మూసి మసక చేస్తారు, ఎందుకంటే ఎండ వెలుతురులో ఎరుపు అసలు కన్నా తక్కువగా కనబడి మోసం చేస్తుంది. ముంచే ముందు అలుగుకు బురద పూత పూసి ఆరబెడతారు. పూత లేకపోతే నీళ్లు తగలగానే ఆవిరి పొర అలుగును కప్పేసి, ఒకచోట చల్లారి ఒకచోట చల్లారక వంకరలు తిరుగుతుంది. పూత ఉంటే ఆ పొర నిలవదు. ఆ తరువాత 150 నుంచి 200 డిగ్రీల వద్ద మెల్లగా మళ్లీ వేడి చేసి పెళుసుదనం తగ్గిస్తారు. వేడి అలుగు మీద నీటి బొట్టు వేసి, అది ఎలా గంతులేస్తుందో చూసి ఆ స్థాయిని అంచనా కట్టే పాత పద్ధతి ఒకటి ఉంది. మీరు వెళ్లినచోట అది చేస్తే కళ్లు తిప్పకుండా చూడండి.

రోజంతా మీరు చేసిన పని ఆ రెండు మూడు క్షణాల్లో నిలుస్తుంది, లేదా పగులుతుంది. గురువు దాన్ని తన చేతిలో ఉంచుకోవడం మీ కత్తి మీద ఆయనకున్న శ్రద్ధ అనుకోండి. అయితే పక్కన నిలబడి చూడటానికి అనుమతి అడగండి, ఎవరూ కాదనరు.

ఒక చిన్న సూచన కూడా. మన కమ్మరులు గొడ్డలికి మొత్తం ఉక్కు పెట్టేవారు కాదు. మెత్తని ఇనుమును చీల్చి, నోటి దగ్గర మాత్రం ఉక్కు ముక్క పెట్టి, వెలిగారం చల్లి, కాల్చి అతికేవారు. జపాన్ కత్తుల్లో ఉన్నదీ ఇదే కిటుకు, అక్కడా వెలిగారమే వాడతారు. మీ తాతగారు చేసిన గొడ్డలి ఏదైనా అటక మీద మిగిలి ఉంటే, దాని నోటిని సానరాయి మీద నీళ్లు పోస్తూ బాగా రుద్ది చూడండి. ఇనుము ఉన్న మేర మసకగా, ఉక్కు ఉన్న మేర మెరుపుగా, రెండింటి మధ్య ఒక గీత కనబడాలి.

సమాధానం (నెల్లూరు నుంచి, మెస్ నడుపుతున్నాను)

అన్నా, తయారీ గురించి పెద్దలు చెప్పారు కనుక నేను వంటింటి సంగతి చెబుతాను. మా తమ్ముడు నాలుగేళ్ల కిందట జపాన్ నుంచి తెచ్చిచ్చిన తెల్ల ఉక్కు కత్తిని నేను రోజూ వాడుతున్నాను. ఒకటి ముందే చెప్పాలి. కత్తిపీటను అటక ఎక్కించకండి. మా మెస్‌లో కొరమీనును బూడిద రుద్ది, కత్తిపీట మీద రెండు చేతులతో పట్టుకుని కోసినంత సులువుగా ఏ కత్తితోనూ కోయలేను. కొబ్బరికాయ పగలగొట్టడం, మాంసం ఎముకలు కొట్టడం, ఐసులో గడ్డకట్టిన చేపను విడదీయడం, వీటిలో ఏదీ ఈ కత్తి పని కాదు. ఉల్లిపాయలు, టమోటాలు, ఆకుకూరలు, ముల్లు తీసిన చేప ముక్కలు, ఎముకలేని కోడి మాంసం, వీటికి మాత్రం ఇది చేతిలో ఉంటే వేరే కత్తి ముట్టుకోబుద్ధి కాదు. అందుకే శిక్షణలో ఏ ఆకారం కావాలని అడిగితే శాంతోకు అని చెప్పండి. కూరలకూ మాంసానికీ సరిపడే మామూలు ఇంటి కత్తి అది. చేపల కోసం దెబా అనే బరువైన కత్తి చూపిస్తారు. బాగానే ఉంటుంది గాని మొదటి కత్తిగా దాన్ని ఎంచుకోవద్దని నా మాట.

రెండో సంగతి తుప్పు. మనది సముద్రపు గాలి తగిలే నేల. కావలిలో మీకు వేరే చెప్పనక్కరలేదు. చేపల పులుసులోకి పచ్చి మామిడికాయ కోసి కత్తిని అలాగే గట్టు మీద వదిలేస్తే, అన్నం వార్చి వచ్చేలోపు అలుగు నల్లబడుతుంది. మొదట్లో ముక్కలకు కూడా ఆ నలుపు అంటుతుంది. నలుపును చూసి కంగారు పడకండి. నెల రోజులు వాడాక బూడిద, నీలం కలిసిన రంగు ఒకటి పొరలా నిలుస్తుంది, అది అలుగును కొంత కాపాడుతుంది కూడా. ఎర్ర తుప్పును మాత్రం ఆ రోజే తీసేయాలి. నేను కోయడం మధ్యలోనే తడి గుడ్డతో ఒకసారి, పొడి గుడ్డతో ఒకసారి తుడుస్తాను. రాత్రి కడిగి, తుడిచి, వేడి గాలి తగిలేలా పొయ్యి పక్కన కాసేపు ఆరబెట్టి లోపల పెడతాను. ఊరికి వెళ్లే ముందు పలచగా కొబ్బరి నూనె రాస్తాను. ఇంత శ్రద్ధ ఇంట్లో కుదరదనుకుంటే, రెండు పక్కలా స్టెయిన్‌లెస్ ఉండి మధ్యలో మాత్రమే ఉక్కు ఉన్న పట్టీ దొరుకుతుందేమో పనిశాలవారిని అడగండి. అప్పుడు తుడవవలసింది వాదర ఒక్కటే.

మూడోది, ఇది ఎవరూ చెప్పరు. మన ఇళ్లలో వంటగట్టు అంతా చీమకుర్తి గ్రానైటే. కూర తరగడానికి బద్ద వెతికే ఓపిక లేక గట్టు మీదనే కోయడం మనకు అలవాటు. ఈ కత్తితో ఒక్కసారి అలా కోస్తే చాలు, అరగంట సానపట్టినది పోతుంది. వేపచెక్క బద్ద ఒకటి చేయించుకోండి. మాంసం కొట్టులో వాడే చింత మొద్దు కూడా బాగుంటుంది గాని ఇంట్లో దాని బరువు మోయలేరు.

చివరగా, శిక్షణలో సానపట్టే గంట వచ్చేసరికి అందరూ అలసిపోయి ఉంటారట, మా తమ్ముడు అదే చెప్పాడు. ఆ గంటను మాత్రం వదులుకోకండి. కత్తి ఎవరైనా చేసి ఇస్తారు, పదును మాత్రం ప్రతి రెండు మూడు వారాలకూ మనమే పెట్టుకోవాలి. 1000 నంబరు సానరాయి ఒకటి కొని తెచ్చుకోండి. ఇంటి వాడకానికి అది చాలు, మోజు ఉంటే 3000 కలుపుకోండి. పది, పదిహేను నిమిషాలు నీళ్లలో నానబెట్టి, అలుగు వెన్నును రాయి మీద వేలు మందం ఎత్తున ఉంచి, ఒక పక్క రుద్దుతూ పోతే అవతలి పక్క వాదర వెంట సన్నని గరుకు వేలికి తగులుతుంది. అది తగిలాకనే పక్క మార్చాలి. దాన్ని వేలితో గుర్తుపట్టడం ఆ గురువు ఎదుట నేర్చుకుంటే మీకు జీవితాంతం పనికి వస్తుంది.

ప్రశ్న అడిగినవారి నుంచి (కావలి)

ముగ్గురికీ కృతజ్ఞతలు. ఇంత శ్రద్ధగా రాస్తారని అనుకోలేదు. ఒంగోలు మాస్టారు చెప్పినట్టు అటక మీద వెతకాలి, మా చిన్నాన్న ఇంట్లో పాత సామాను కొంత ఉంది. ఇంకో మూడు సందేహాలు మిగిలాయి. నా భార్యది ఎడమ చేతి వాటం; కత్తి తనకోసమే కనుక దానికి తగ్గట్టు చేయడం కుదురుతుందా? జపాన్ కత్తుల పిడికి గేదె కొమ్ముతో పొన్ను (పిడి మొదట వేసే కట్టు) వేస్తారని చదివాను. మా అమ్మ ఒప్పుకోదు. మూడోది ప్రయాణం. అమ్మాయి "అంత పొడుగు కత్తి పట్టుకుని రైల్లో ఎలా వస్తారు నాన్నా" అని భయపడుతోంది.

సమాధానం (నెల్లూరు నుంచి, మొదట రాసినవారు)

ఎడమ చేయి గురించి ముందే రాసి తెలపండి. ఒక పక్క మాత్రమే వాదర తీసే యానగిబా, దెబా, ఉసుబా వంటివి కుడి చేతి కోసమే చేస్తారు, ఎడమకు వేరే చేయాలి. శాంతోకుకు రెండు పక్కలా వాదర ఉంటుంది కనుక పెద్ద ఇబ్బంది లేదు, సానపట్టేటప్పుడు రెండు పక్కలా సమంగా తీసుకుంటే చాలు. పిడి కోత మాత్రం చూడండి. డి అక్షరం ఆకారంలో ఉన్న పిడి కుడి చేతికి ఒదుగుతుంది. ఎనిమిది పలకల పిడి రెండు చేతులకూ సరే.

మీ అమ్మాయి భయం సహేతుకమైనదే. జపాన్ చట్టం ప్రకారం 6 సెంటీమీటర్లకు మించిన అలుగును తగిన కారణం లేకుండా వెంట పెట్టుకు తిరగడం నేరం. పనిశాల నుంచి ఇంటికి తీసుకువెళ్లడం తగిన కారణమే, కానీ కత్తి పెట్టెలో కట్టి, సంచి అడుగున, వెంటనే తీయలేని విధంగా ఉండాలి. రైళ్లలో కూడా చుట్టి కట్టని కత్తులను అనుమతించరు. పనిశాలవారు కట్టి ఇచ్చిన పెట్టెను ఒసాకా ఇంటికి చేరేదాకా విప్పకండి. బిల్లు దానితోనే ఉంచండి. దారిలో గుడి చూద్దామనీ, ఎవరికో చూపిద్దామనీ అనుకోవద్దు. విమానంలో చేతి సంచిలో ససేమిరా కుదరదు, లోపల వేసే పెట్టెలోనే పెట్టాలి. నేను అలుగుకు అట్ట తొడిగి, బట్టల మధ్య పెట్టి, చెన్నైలో దిగాను. మన ఆయుధ నిబంధనల్లో 9 అంగుళాల పొడవు లేదా 2 అంగుళాల వెడల్పు దాటిన కత్తుల ప్రస్తావన ఉన్నా, ఇంటి వాడకం కోసం చేసిన వాటిని అక్కడే మినహాయించారు. శాంతోకు అలుగు పొడవు మామూలుగా ఆరున్నర, ఏడు అంగుళాలే ఉంటుంది. కస్టమ్స్‌లో అడిగితే వంటింటి కత్తి అని చెప్పి బిల్లు చూపండి.

సమాధానం (ఉదయగిరి నుంచి)

అమ్మగారి అభ్యంతరానికి ఒక దారి ఉంది. పొన్ను కూడా చెక్కతోనే ఉన్న పిడులు జపాన్‌లో దొరుకుతాయి, ముందే అడిగితే కొమ్ము లేనిది తొడుగుతారు. అది కాకపోతే అలుగును తాత్కాలికమైన మామూలు పిడితో తెచ్చుకోండి. మా ఉదయగిరిలో చెక్క గరిటెలు, చెంచాలు చేసే కుటుంబాలు ఇప్పటికీ ఉన్నాయి; ఆ పనికి భౌగోళిక గుర్తింపు కూడా వచ్చింది. దుర్గం కొండల్లో దొరికే నర్ది, బిక్కి చెక్కలను వారు ఎంత నున్నగా చెక్కుతారో మీరు చూసే ఉంటారు. జపాన్ పిడిలో మేకులు ఉండవు. అలుగు తోకను కాల్చి చెక్క రంధ్రంలోకి దిగగొడతారు, అందువల్ల పాత పిడిని తీసి కొత్తది వేయడం కష్టమేమీ కాదు. తోక పొడవు, మందం కొలతలు కాగితం మీద గీసి తెచ్చి, పూర్తిగా ఆరిన చెక్క అడిగి తీసుకోండి. పచ్చి చెక్క అయితే ఎండాకాలంలో పగులుతుంది.

ప్రశ్న అడిగినవారి నుంచి (కావలి)

నిన్న ఎచిజెన్‌లోని ఒక పనిశాలకు అమ్మాయి చేత ఉత్తరం రాయించాను. కొట్టేది మీరే, ముంచేది మేము, పక్కన నిలబడి చూడవచ్చు అని ఈ ఉదయం జవాబు వచ్చింది. పిడి ఎనిమిది పలకలది, కొమ్ము లేకుండా చెక్క పొన్నుతో తొడుగుతామన్నారు. ముందురోజు రాత్రి తకెఫులో బస తీసుకున్నాం.

ఆదివారం చిన్నాన్న ఇంటికి వెళ్లాను. అటక మీద తాత పట్టకారు ఒకటి, పిడి లేని గొడ్డలి ఒకటి దొరికాయి. గొడ్డలి నిండా తుప్పు. మాస్టారు చెప్పినట్టు నోటి దగ్గర రెండు అంగుళాల మేర సానరాయి మీద గంటన్నర రుద్దాను. మొదట ఏమీ కనబడలేదు. నీళ్లు పోసి తుడిచి, గుమ్మంలోకి తెచ్చి వెలుగులో వంచి చూస్తే, నోటికి వేలెడు పైన, కొంచెం వంకరగా, ఈ కొస నుంచి ఆ కొస దాకా గీత ఉంది. కింద మెరుపు, పైన మసక. మా చిన్నాన్న దాన్ని చేతిలోకి తీసుకుని చాలాసేపు చూశారు. ఫొటో తీసి పెద్దదిగా అచ్చు వేయించాను, ఎచిజెన్‌లో నాకు నేర్పబోయే ఆయనకు చూపించడానికి తీసుకువెళ్తున్నాను.